తల్లిని తోలు, పిల్లల్ని కదపకు

రాయపూర్

చిన్నా,

42వ రోజున పందిపిల్లలకు పాలు మాన్పించి కొత్త కొట్టంలోకి మారుస్తానని రాశావు. మార్చకు. తల్లినే దూరంగా తోలుకెళ్లు, దాని గొంతు వీటికి వినబడనంత దూరం. పిల్లల్ని మాత్రం ఇంకో పది రోజులు పుట్టినచోటే ఉండనీ.

నేను ఇక్కడికొచ్చిన కొత్తలో ఓ జనవరిలో రెండు ఈతల పిల్లల్ని ఒకే రోజు విడదీసి, గచ్చు కొట్టంలో కలిపేశాను. పనిలో పనిగా మగవాటికి విత్తులు కూడా తీయించాను. రాయపూర్‌లో ఆ నెల రాత్రుళ్లు బాగా చలి. తెల్లారి చూస్తే ఒకదానిమీద ఒకటి గుట్టగా పడున్నాయి, చెవులు కొరుక్కుని నెత్తురు. నాలుగో రోజుకు పారుడు పట్టుకుంది. 17 పిల్లల్లో 5 పోయాయి. తప్పు నాదే. ఇప్పటికీ బాధే.

పిల్లకు తల్లి దగ్గర తనదంటూ ఒక చన్ను ఉంటుంది, పుట్టిన కొన్నాళ్లకే దాన్ని ఖాయం చేసుకుంటుంది. ఇంచుమించు గంటకోసారి తల్లి గురగురమంటుంది, అన్నీ చేరతాయి. పాలు చేపేది కొద్ది సెకన్లే. అలా రోజంతా గుక్కెడు గుక్కెడు తాగినదాని ముందు పొడి దాణా పోస్తే అది తిండని కూడా తెలీదు. పస్తుంటుంది. ఆ పస్తుకే పేగు లోపలి పొర చెడుతుంది. తర్వాత ఆకలికొద్దీ మెక్కుతుంది, అరగదు, పారుకుంటుంది.

అందుకే 10వ రోజు నుంచే తల్లికి అందని మూల అడ్డుకట్టి దాణా రుచి చూపించు. వరి పండే నేల కాబట్టి ఇక్కడ నూకలకు కొదవలేదు, కనకీ అంటారు. జావలా ఉడికించి, గోరువెచ్చగా అయ్యాక వెడల్పాటి పళ్లెంలో పోస్తాను, వేయించిన సోయా పిండో ఎండుచేపల పొడో కలుపుతాను. నూక లేత కడుపుకు తేలిక, తవుడు అప్పుడే ఎక్కువ వద్దు. పాలు మాన్పించాక వారమంతా అదే తిండి, కొంచెం కొంచెంగా రోజుకు ఐదారుసార్లు. మిగిలింది పులవకముందే తీసెయ్. మంచినీళ్లు ఎప్పుడూ ఉండాలి.

స్వైన్ ఫీవర్ టీకా, విత్తులు తీయడం ఆ వారంలో పెట్టుకోకు. టీకా తేదీ మీ పశువుల డాక్టరును ముందే అడుగు. యూరోపియన్ యూనియన్‌లో పారుడు రాకుండా దాణాలో ఎక్కువ మోతాదులో కలిపే జింక్ ఆక్సైడ్‌ను 2022లో ఆపేశారు. అక్కడి రైతులు కూడా ఇప్పుడు కొట్టం, తిండి, విడదీసే వయసు మీదే ఎక్కువ శ్రద్ధ పెట్టాలి. 28 రోజులకు ముందు విడదీయడం మనలాంటి కొట్టాల్లో అసలొద్దు.

తల్లి గురించి బెంగ పెట్టుకోకు. విడదీసిన రోజు దాని మేత తగ్గించు, పొదుగు సలపదు. వారంలోపే ఎదకొస్తుంది.

మొదటి రాత్రి మాత్రం నువ్వు కొట్టం దగ్గరే పడుకో. వరిగడ్డి మందంగా పరిచి, గాలి కొట్టే వైపు గోనెపట్టాలు కట్టు. అరుపులు సద్దుమణిగాక టార్చి వేసి చూడు. గుట్టగా ఉంటే చలి, ఎడంగా పడి రొప్పుతుంటే ఉక్క. పక్కపక్కన ఆనుకుని కాళ్లు చాపుకుంటే నువ్వూ కన్ను మూయొచ్చు. ఎలా పడుకున్నాయో పొద్దున్నే ఫోన్ చేసి చెప్పు, ఎదురుచూస్తుంటాను.

మీ బాబాయి