నేరాల కథనాలు, ఏడేళ్ల బాబు

ప్రశ్న: మా అత్తగారు రాత్రిళ్లు టీవీలో నేరాల కథనాలు చూస్తారు. పక్కనే కూర్చునే మా ఏడేళ్ల బాబు ఈమధ్య ఒంటరిగా బాత్‌రూమ్‌కు కూడా వెళ్లడం లేదు. పెద్దయ్యాక వాడూ హింసకు అలవాటు పడతాడా?

జవాబు: అమ్మా, హింస కంటే ముందు పట్టించుకోవాల్సింది వాడి భయం. 1963లో మనస్తత్వవేత్త ఆల్బర్ట్ బందూరా ప్రయోగంలో, తెరపై పెద్దలు బొమ్మను కొట్టడం చూసిన పిల్లలు తామూ అలాగే కొట్టారు. కానీ కొట్లాటలు చూసిన ప్రతి బిడ్డా దుడుకుగా మారడు. మీడియా పరిశోధకుడు జార్జ్ గెర్బ్నర్ మరో నష్టం ఎత్తిచూపారు: టీవీ ఎక్కువగా చూసేవారికి లోకం ఉన్నదానికంటే ప్రమాదకరంగా తోస్తుంది. నటులతో మళ్లీ తీసి చూపే హత్య ఏడేళ్లవాడికి ఇప్పుడే జరుగుతున్నట్టు ఉంటుంది. "ఏం కాదులే" అని కొట్టిపారేయకండి, ఏం చూశాడో చెప్పనివ్వండి. అత్తగారిని తప్పుపట్టకుండా, బాబు పడుకున్నాక చూడమని అడగండి. కొన్ని వారాలైనా భయం తగ్గకపోతే, నిద్ర చెడితే, పిల్లల మానసిక వైద్యులకు చూపించండి.

ఈ భారమంతా తల్లుల మీదే వదిలేయడం అన్యాయం. పిల్లలు ఎక్కువగా చూసే వేళల్లో వారికి తగని కార్యక్రమాలు వేయకూడదని కేబుల్ టీవీ ప్రోగ్రామ్ కోడ్‌లోనే ఉంది. తేదీ, సమయం రాసి ఛానల్‌కు ఫిర్యాదు చేయండి. 2021 కేబుల్ టీవీ సవరణ నిబంధనల ప్రకారం ఛానల్ 15 రోజుల్లో దాన్ని తేల్చాలి. తృప్తి లేకపోతే ప్రసారకర్తల స్వీయ నియంత్రణ సంస్థకు అప్పీలు చేసుకోవచ్చు.