ఇటుకల ఆట: కర్తలు – అనుకర్తలు

అరచేతిలో ఇమిడెడు చిన్న పెట్టె, బూడిదవన్నె తెర, పైనుండి జారుచుండెడు నల్లని ఇటుకలు. అడ్డువరుస నిండినంతనే అది మాయమగును. 1990వ దశకమునుండి బెంగుళూరు అంగళ్లలోను, తెలుగునాటి తిరునాళ్లలోను అమ్ముడుపోయిన ఈ ‘బ్రిక్ గేమ్’ను మీ తల్లిదండ్రులలో పెక్కురు ఎరుగుదురు. దానిపై ‘9999 ఆటలు’ అని అచ్చువేసి యుండును. ఆటను కల్పించినవాని పేరు మాత్రము కానరాదు. ఈ రెండు విషయములను విచారింతము.

కర్త యెవరు?

ఈ యాట అసలు పేరు టెట్రిస్. 1984లో మాస్కోనగరమున, సోవియట్ విజ్ఞాన పరిషత్తు గణనకేంద్రములో పనిచేయుచుండిన అలెక్సీ పజిత్నోవ్ దీనిని రచించెను. నాలుగేసి చదరములతో ఏర్పడు ఏడు ఆకృతులే దీనికి అక్షరమాల. జపానుదేశపు నింటెండో కంపెనీ 1989లో ‘గేమ్ బాయ్’ అను చేతియంత్రమును వెలువరించి, అనుమతి పొంది దీనిని అందు ప్రవేశపెట్టగా, ఇది లోకమెల్ల వ్యాపించెను. హక్కులు ప్రభుత్వమున కుండుటచే పజిత్నోవ్‌కు 1996 వరకు రాయల్టీ రాలేదు. అనుమతి గల ప్రతులవలననే ఇంత ఆలస్యమైనప్పుడు, అనుమతి లేని పెట్టెలవలన అతనికి దక్కున దేమి?

‘9999’ లెక్క

ఈ పెట్టె తెరలో అడ్డముగా 10, నిలువుగా 20, వెరసి 200 గడులు. ఇటుకలు, పాము, కారు, ట్యాంకు మున్నగు కొలది ఆటలే అందుండును. ఒక్క ఆటకు 10 వేగములు, 10 స్థాయిలు కల్పించి, ప్రతి కూడికను వేరు ఆటగా లెక్కించినచో నూరగును. గుణకారము తప్పు కాదు. దానికి పెట్టిన పేరు తప్పు.

న్యాయముగా మరియొక మాట చెప్పవలెను. ఖరీదైన యంత్రము కొనలేని ఇండ్లకు ఆటను చేర్చినది ఈ చౌక పెట్టెయే. 200 గడులలో పామును, కారును చూపిన పనివారి నేర్పు మెచ్చదగినది. వారి పేరును పెట్టెపై లేదు.

చట్టమే మనుచున్నది?

1957 నాటి మన కాపీరైటు చట్టమునకు 1984లో జరిగిన సవరణచే కంప్యూటరు ప్రోగ్రాములును సాహిత్యకృతులలో చేరినవి. భావము ఎవరి సొత్తును గాదు, దానిని వ్యక్తపరచిన రూపమునకే రక్షణ కలదని 1978లో ఆర్.జి. ఆనంద్ వ్యాజ్యమున సుప్రీంకోర్టు తీర్పు చెప్పినది. 2012లో అమెరికా న్యాయస్థానమొకటి టెట్రిస్ విషయముననే, ఆట నియమములు అందరివైనను, ఆకృతుల రూపమును తెర కొలతను ఉన్నదున్నట్లు తీసికొనరాదని నిర్ణయించినది. రామకథను ఎందరు కవులైనను వ్రాయవచ్చును. మొల్ల రామాయణముపై మాత్రము మొల్ల పేరే యుండవలెను గదా!

బొమ్మసంద్ర కర్మాగారములలోను, పొరుగున గల ఎలక్ట్రానిక్ సిటీలోను రేపు మీలో పలువురు వస్తువులను, ప్రోగ్రాములను తయారుచేయువారు కాగలరు. ఇతరుల పని చూచి నేర్చుకొనుడు. కాని కర్త పేరు తుడిచి అమ్మకుడు. మీ పేరు తుడుపబడినచో ఎట్లుండునో తలపోయుడు.

అభ్యాసము

1. భావమునకును రూపమునకును గల భేదమును రెండు ఉదాహరణములతో వ్రాయుడు.
2. ఏడు ఆకృతులను ఒక్కొక్కటి చొప్పున గైకొన్నచో 28 చదరములగును. వానితో 4×7 దీర్ఘచతురస్రమును పూర్తిగా కప్పగలరా? చదరంగపు బల్లవలె నలుపు తెలుపులు వేసి చూడుడు.