కేసు త్వరగా తేల్చమని అడగొచ్చా?

మా అన్నయ్య క్రిమినల్ కేసు నాలుగేళ్లుగా వాయిదాల మీదే నడుస్తోంది. త్వరగా తేల్చమని అడిగే హక్కు మాకుందా?

ఉంది. రాజ్యాంగం 21వ అధికరణంలో ఆ మాట విడిగా కనిపించదు కానీ, సత్వర విచారణ అందులోనే ఇమిడి ఉందని 1979లో హుస్సేనారా ఖాతూన్ కేసులో సుప్రీంకోర్టు చెప్పింది. నేరం రుజువైనా అంత శిక్ష పడని మనుషులు అప్పుడు బీహార్ జైళ్లలో ఏళ్ల తరబడి విచారణ ఖైదీలుగా మగ్గుతున్నారు.

ఇన్నేళ్లు దాటితే కేసు కొట్టేస్తారట కదా?

అలాంటి గడువేమీ లేదు. 2002లో రామచంద్రరావు కేసులో ఏడుగురు జడ్జీల ధర్మాసనం ఈ సంగతి తేల్చేసింది. ఆలస్యం ఎవరివల్ల, ఎందుకు జరిగిందన్నది ఏ కేసుకా కేసు చూస్తారు.

హైకోర్టుకు వెళ్లి ‘ఆరు నెలల్లో ముగించాలి’ అని ఉత్తర్వు తెచ్చుకుంటే?

చాలామందికి ముందు తట్టేది ఇదే. కానీ అసాధారణ పరిస్థితుల్లో తప్ప కింది కోర్టులకు అలా గడువులు పెట్టకూడదని 2024 ఫిబ్రవరి 29న సుప్రీంకోర్టు రాజ్యాంగ ధర్మాసనం చెప్పింది. ఏ కేసు ముందు చూడాలో ఆ కోర్టు జడ్జికే బాగా తెలుస్తుంది. పైకోర్టు దాకా వెళ్లగల స్తోమత ఉన్నవాళ్ల కేసు ముందుకొస్తే, అదే కోర్టులో అంతకంటే పాత కేసు వెనక్కి పోతుంది. ఆ వెనక్కి పోయేది దాదాపు ఎప్పుడూ పేదవాడి కేసే. అందుకే ఈ తీర్పు న్యాయమైనదని నా నమ్మకం.

మరి ఎక్కడ అడగాలి? ఏమని?

కేసు నడుస్తున్న కోర్టులోనే. ‘మాది ముందు చూడండి’ అని మాత్రమే రాస్తే ఆ పిటిషన్ ఫైల్లో ఇంకో కాగితం అవుతుంది, అంతే. కేసు ఎక్కడ ఆగిందో ముందు తెలుసుకోండి. ఈకోర్ట్స్ యాప్‌లో మీ కేసుకు ఇచ్చిన పదహారు అక్షరాల సీఎన్‌ఆర్ నంబరు కొడితే ప్రతి వాయిదాలో ఏం జరిగిందో కనిపిస్తుంది. సాక్షికి సమన్లు అందలేదా? ఫోరెన్సిక్ రిపోర్టు రాలేదా? ఎస్కార్టు లేదని ముద్దాయిని జైలు నుంచి తీసుకురాలేదా? అదేమిటో తేదీలతో సహా రాసి, దాన్ని సరిచేయమని అడగండి. ‘ఫలానా సాక్షికి మూడు వాయిదాలుగా సమన్లు అందలేదు, పోలీసుల నుంచి జవాబు తెప్పించండి’ అన్నదాని మీద జడ్జి అదే రోజు ఉత్తర్వు ఇవ్వగలరు.

భారతీయ నాగరిక్ సురక్షా సంహిత (బీఎన్‌ఎస్‌ఎస్) 346వ సెక్షన్‌ను కూడా ప్రస్తావించండి. విచారణ మొదలయ్యాక రోజువారీగా సాగాలని, కక్షిదారు చేతిలో లేని కారణాలుంటేనే, అదీ రెండుకు మించకుండా, వాయిదాలివ్వాలని అందులో ఉంది. లాయరు వేరే కోర్టులో ఉన్నారన్నది కారణమే కాదు.

మనిషి జైల్లోనే ఉన్నాడు. విచారణ ముగిసేదాకా ఆగాలా?

అక్కర్లేదు. నేరాన్ని బట్టి 60 లేదా 90 రోజుల్లో చార్జిషీటు పడకపోతే బెయిలు హక్కవుతుంది. ఆ తర్వాత అదే చట్టంలో 479వ సెక్షన్ ఉంది. గరిష్ఠ శిక్షలో సగం కాలం లోపల గడిపినవారికి బెయిలు, ఇంతకుముందు ఏ నేరంలోనూ శిక్ష పడనివారికి మూడో వంతుకే. మరణశిక్షకో యావజ్జీవానికో వీలున్న నేరాలకు, ఒకటికి మించి కేసులున్నవారికి ఇది వర్తించదు. ముద్దాయి తానే చేసిన జాప్యాన్ని లెక్కలోకి తీసుకోరు. గడువు నిండగానే కోర్టుకు రాయాల్సిన బాధ్యత జైలు సూపరింటెండెంటుది. బీఎన్‌ఎస్‌ఎస్ అమల్లోకి వచ్చిన 2024 జులై 1కి ముందు పెట్టిన కేసులకూ ఈ సెక్షన్ వర్తిస్తుంది. రాయాల్సింది సూపరింటెండెంటే అయినా, ఇంట్లోవాళ్లు రోజులు లెక్కపెట్టుకుంటూ ఉండటం మంచిది.

మేం బాధితుల తరఫువాళ్లం. మేమూ అడగొచ్చా?

తప్పకుండా. పబ్లిక్ ప్రాసిక్యూటర్ (పీపీ) ద్వారా అడగండి. ఆయనకు సాయంగా సొంత లాయరును పెట్టుకోవడానికీ చట్టం ఒప్పుకుంటుంది. పోక్సో కేసు వీలైనంతవరకు ఏడాదిలో, అత్యాచారం కేసు చార్జిషీటు పడిన రెండు నెలల్లో ముగియాలి.

లాయరుకు ఇచ్చుకోలేం.

మహిళలు, పిల్లలు, ఎస్సీ, ఎస్టీలు, కస్టడీలో ఉన్నవారు, వీరిలో ఎవరికైనా ఆదాయంతో పనిలేకుండా ప్రభుత్వమే లాయరును ఇస్తుంది. జిల్లా న్యాయ సేవాధికార సంస్థలో అర్జీ పెట్టండి, లేదా 15100కు ఫోన్ చేయండి.