పరదేశపు జీతము

చదువవలసిన భాగములు: రూతు 1:1–5; ఆదికాండము 40వ అధ్యాయము



బాస్కెట్‌బాల్ అను ఆటను మీలో అనేకులు మిషను పాఠశాలల ఆవరణములలో చూచియుందురు. ఎత్తైన స్తంభమునకు బిగించిన ఇనుప వలయములో బంతిని వేయుటయే ఆ ఆట. దీనికి మన సంఘములతో పాత చుట్టరికము కలదు. 1891వ సంవత్సరము డిసెంబరు మాసమున అమెరికాలోని స్ప్రింగ్‌ఫీల్డు పట్టణములో, వై.ఎం.సి.ఎ. వారి శిక్షణ పాఠశాలలో, దైవశాస్త్రము చదివిన జేమ్స్ నైస్మిత్ అను ఉపాధ్యాయుడు దీనిని కల్పించెను. చలికాలములో యౌవనులు లోపలనే ఆడుకొనుటకు రెండు పండ్ల బుట్టలను ఎత్తున కొట్టించి ఆడించెను. జీతము మాట ఆ దినమున ఎవరికిని తోచియుండదు.

ఇప్పుడు ఆ ఆట కొందరికి జీవనోపాధి. వారిలో బ్రిట్నీ గ్రైనర్ అను ఆమె సంగతిని ఈ మాసము పాఠముగా తీసికొనుచున్నాము. ఆమె 1990లో టెక్సాసు రాష్ట్రమందలి హ్యూస్టను నగరమున పుట్టెను. ఎత్తు 6 అడుగుల 9 అంగుళములు. బాప్టిస్టులు స్థాపించిన బేలరు విశ్వవిద్యాలయములో చదువుచు ఆడెను. 2012లో ఆ జట్టు 40 పందెములాడి 40యు గెలిచెను. 2013లో కళాశాలలనుండి వచ్చిన క్రీడాకారిణులందరిలో మొదటగా ఆమెనే ఎన్నుకొనిరి. ఆమె ఫీనిక్సు నగరపు జట్టులో చేరెను.

ఇంత పేరుపొందినామె స్వదేశము విడిచి యెందుకు పోవలెను? కొంచెము లెక్క చూడవలెను. 2022లో అమెరికా స్త్రీల లీగులో అత్యధిక జీతము సుమారు 2 లక్షల 28 వేల డాలర్లు. అదే కాలమున పురుషుల లీగులో క్రొత్తగా చేరిన కుర్రవానికిచ్చు కనీస జీతమే 10 లక్షల డాలర్లకు పైన. ఆట ఒకటే, స్త్రీల బంతి కొంచెము చిన్నది, అంతే. స్త్రీల లీగు వేసవిలో జరుగును. యూరపు, చైనా దేశముల లీగులు అది ముగిసిన తరువాత సాగును. కనుక ఒక ఊరిలో కోతలు ముగించి వేరొక ఊరికి నాట్లకు పోవు కూలివారివలె ఈ స్త్రీలు సంవత్సరమంతయు ఆడుచుందురు. గ్రైనర్ మొదట చైనాకు పోయెను. పిమ్మట రష్యాలోని యెకాతెరిన్‌బర్గు జట్టులో చేరెను. ఆ జట్టును పోషించునది రాగి తీయు ఒక గొప్ప కంపెనీ. ఆమెకు అక్కడ ఏటికి 10 లక్షల డాలర్లకు పైగా ముట్టెనని పత్రికలు వ్రాసినవి. అదే జట్టు 2015లో డయానా టౌరాసి అను మరియొక క్రీడాకారిణికి, ఆ వేసవిలో స్వదేశమున ఆడక విశ్రాంతి తీసికొనుమని సొమ్మిచ్చెను. ఇంట ఆడిన వచ్చు జీతముకంటె ఆడకుండుటకు వచ్చినదే హెచ్చు!

ఎలీమెలెకు బేత్లెహేము విడిచి మోయాబునకు పోవుట తప్పని బోధకులు తరచుగా చెప్పుదురు, మేమును చెప్పియున్నాము. కాని ఆ అధ్యాయమును మరల చదువుడి. కరవు వచ్చినదని అక్కడ కలదు, అతడు పాపము చేసెనని లేదు. రొట్టెల ఇల్లను పేరుగల ఊరిలో రొట్టె లేనప్పుడు, పోయినవానిని మాత్రమే తప్పుపట్టుట న్యాయమా? ఆ ఊరిలోనే బోయజు అను ఆస్తిపరుడుండెనని తరువాతి అధ్యాయములో చదువుచున్నాము. కరవు దినములలో ధాన్యము గలవారేమి చేసిరో మనకు తెలుపబడలేదు.

2022 ఫిబ్రవరి 17న గ్రైనర్ తన జట్టును చేరుటకు మాస్కో విమానాశ్రయమున దిగెను. ఆమె సామానులో గంజాయి నూనె దొరికెను. అది ఒక గ్రాముకంటె తక్కువ. అమెరికాలో నొప్పికై వైద్యుడు దానిని సూచించెననియు, తొందరలో పెట్టె సర్దితిననియు ఆమె కోర్టులో చెప్పి, నేరము ఒప్పుకొనెను. తప్పు తప్పే, ఆ దేశపు చట్టము అట్లున్నది. అయితే ఆమె పట్టుబడిన వారమునకే రష్యా సైన్యము ఉక్రెయిను మీద దండెత్తెను. ఇరుదేశముల వైరము నడుమ ఆమె చిక్కుకొనెను. ఆగస్టు 4న 9 సంవత్సరముల శిక్ష విధించిరి. పిమ్మట మొర్దోవియాలోని స్త్రీల శిక్షాశిబిరమునకు పంపిరి. ఆ శిబిరములో ఖైదీలచేత బట్టలు కుట్టింతురు.

యోసేపు చెరలోనుండగా, విడుదల పొందిన పానదాయకుల అధిపతి అతనిని మరచిపోయెను. గ్రైనర్‌ను జనులు మరువలేదు. ఆమెకు ఉత్తరములు వ్రాసిరి. పేరుగలది గనుక అని కొందరందురు, అది నిజమే. డిసెంబరు 8న, అమెరికా చెరలోనున్న విక్టర్ బౌట్ అను ఆయుధముల వర్తకునికి బదులుగా ఆమెను అబూదాబి విమానాశ్రయమున అప్పగించిరి. ఈ మార్పిడి తగునా అని అమెరికాలో గొప్ప వాదము జరిగెను. దానిని మేము తీర్చజాలము. మాకు తోచిన విశేషము వేరు. ఇల్లు చేరిన కొద్ది దినములకే ఆమె, 2018 మొదలు రష్యాలో బంధింపబడియున్న పాల్ వీలన్ అను మనుష్యునికి ఉత్తరములు వ్రాయుడని జనులను కోరెను. అతడు 2024 ఆగస్టు 1న విడుదలయ్యెను. పానదాయకుడు మరచిన పనిని ఈమె మరువలేదు. ఒలింపిక్ ఆటలకు తప్ప ఇక పరదేశమున ఆడనని 2023లో చెప్పి, జీతముల వ్యత్యాసమే మమ్మును అక్కడికి పంపుచున్నదని కూడ ఆమె చెప్పెను.

గోదావరి జిల్లాలనుండియు, కడప, కరీంనగరు, నిజామాబాదు ప్రాంతములనుండియు గల్ఫు దేశములకు పోయినవారి కుటుంబములు మన సంఘములలో కలవు. వారి పేర్లు పత్రికలలో రావు. వారు పెట్టె సర్దునప్పుడు ప్రక్కన కూర్చుండుడి. మన వంటింటి గసగసాలు యు.ఎ.ఇ.లోను సౌదీ అరేబియాలోను నిషిద్ధములు. ఇక్కడ వైద్యులిచ్చు కొన్ని నొప్పి మాత్రలును అక్కడ అనుమతి లేనిదే కూడవు. పాస్‌పోర్టు నకలు, యజమాని పేరు, చిరునామా ఇంటివారియొద్ద ఉంచుకొనుడి. అక్కడ చెరలోనున్నవారెవరైనను కలరేమో ఆ యిండ్లలో మెల్లగా అడుగుడి; సిగ్గుచేత చెప్పక దాచువారు కలరు. చిరునామా దొరికినయెడల కూడికలో దానిని చదువక, ఉత్తరము వ్రాయగల ఇద్దరు ముగ్గురికి మాత్రము ఇయ్యుడి.