ఫైలు దొరకలేదంటే కంప్యూటర్ పాడైనట్టా?

పోయినసారి మలేరియా గురించి రాసిన. ఈసారి కంప్యూటర్ గురించి. నవ్వకుండ చదవండి.

మొన్న ల్యాబ్‌ల టైపింగు ప్రోగ్రాం తెరవంగనే తెర మీద ఎర్ర గుర్తు, దాని పక్కన ఇంగ్లీషు వచ్చింది. నాకు చేతులు చల్లబడ్డయి. మా ఇంట్ల బడికొచ్చిన మొదటిదాన్ని నేనే. కంప్యూటర్ పాడుచేసిందని ఇంటికి పంపితే బాపుకు ఏం చెప్పాలె? స్విచ్చి బంద్ చేసి వచ్చేసిన. రెండు రోజులు ల్యాబ్ దిక్కు పోలేదు. మూడో రోజు సారే పిలిచి, "అది తిట్టు కాదమ్మా, చిట్టీ. చదువు" అన్నరు. చదివితే ఇంతే ఉన్నది: వీసీరన్‌టైమ్140.డీఎల్ఎల్ అనే ఫైలు దొరకలేదు కాబట్టి ప్రోగ్రాం నడవదు, మళ్ళీ ఎక్కిస్తే బాగుపడవచ్చు.

డీఎల్ఎల్ అంటే డైనమిక్ లింక్ లైబ్రరీ. మా గూడెంల ఇంటింటికి కొలిమి లేదు, ఊరందరికి ఒక్కటే. కర్రు మొద్దుబారితే అందరు అక్కడికే పోతరు. కమ్మరి తాత చుట్టాలింటికి పోయిన రోజు ఎడ్లు బాగనే ఉంటయి, నాగలి బాగనే ఉంటది, దున్నుడు మాత్రం ఆగుతది. కంప్యూటర్‌ల గూడ అంతే. చాలా ప్రోగ్రాములకు కావలసిన పనులు ఒక ఫైలులో రాసిపెడతరు, అందరు దాన్నే వాడుకుంటరు. దాంతోని జాగా కలిసి వస్తది. అండ్ల తప్పుంటే ఒక్క కాడ దిద్దితే చాలు. లైనక్స్‌ల ఇట్లాంటి ఫైళ్ళను .ఎస్ఓ అంటరు.

ప్రోగ్రాం ఆ ఫైలును ముందు తన ఫోల్డర్‌ల వెతుకుతది. అక్కడ లేకుంటే విండోస్ ఫోల్డర్లల్ల వెతుకుతది. ఎక్కడా లేకుంటేనే చిట్టీ ఇస్తది.

ఒక పెద్ద క్లాసు అక్క నాకు సాయం చేద్దామని ఎక్కడినుంచో ఆ ఒక్క ఫైలే పెన్‌డ్రైవ్‌ల తెచ్చి పెట్టింది. అప్పుడు ఇంకో చిట్టీ వచ్చింది, 0ఎక్స్‌సీ000007బీ అని! 32 బిట్ ప్రోగ్రాంకు 64 బిట్ ఫైలు దొరికితే తరచుగా ఇదే వస్తదట. తెలియని చోటినుంచి తెచ్చిన ఫైల్లల్ల వైరస్ గూడ ఉండొచ్చు. ఇంకో తమాషా, 64 బిట్ విండోస్‌ల సిస్టం32 అనే ఫోల్డర్‌ల ఉండేవి 64 బిట్ ఫైళ్ళు. 32 బిట్‌వి సిస్‌వావ్64ల ఉంటయి. ఈ పేర్లు ఎవరు పెట్టిండ్రో గని నాకైతే కోపమొచ్చింది.

సార్ ఆ ఫైలును తీసేయించిండ్రు. మైక్రోసాఫ్ట్ వాళ్ళ దగ్గరినుంచే విజువల్ సీ ప్లస్ ప్లస్ రీడిస్ట్రిబ్యూటబుల్ అనే మొత్తం మూటను తెచ్చిండ్రు. 140 అని ఉంటే 2015, దాని తర్వాతి వాటిది. మా ప్రోగ్రాం 32 బిట్‌ది కాబట్టి ఎక్స్86 మూట ఎక్కించినం. ప్రోగ్రాం తెరుచుకున్నది. విండోస్ సొంత ఫైళ్ళే చెడిపోతే దానికి వేరే ఆజ్ఞ ఉన్నది: ఎస్ఎఫ్‌సీ /స్కాన్‌నౌ. బయటి ప్రోగ్రాం ఫైళ్ళను అది తేదు. పొరపాటున చెరిపిన ఫైలైతే ముందుగాల రీసైకిల్ బిన్‌ల చూడాలె.

ఫాంటు గూడ అందరు పంచుకునే ఫైలే. మన నార్నూర్ మండలం గుంజాలల దొరికిన రాతప్రతుల గోండి లిపిని 2018ల యూనికోడ్‌ల చేర్చిండ్రు గదా. సార్ ఆ లిపిల రాసిన పేజీ తెరిస్తే అన్నీ డబ్బాలే. ఇక్కడ చిట్టీ గూడ రాదు. కొందరు "గోండి కంప్యూటర్‌కు రాదు" అన్నరు. నాకు మనసుల కలుక్కుమన్నది. కొలిమి యాదికొచ్చి, "సార్, ఫైలు లేదేమో?" అని అడిగిన. నోటో సాన్స్ గుంజాల గోండి అనే ఫాంటు ఉచితంగనే దొరికింది. ఎక్కించి, ఫాంట్ల పట్టికల దాని పేరు ఎంచుకున్నం. డబ్బాలు పోయి అక్షరాలు వచ్చినయి.

మా అవ్వ పేరు ఆ లిపిల కొట్టి, ప్రింటు తీసి ఈ కింద అంటించిన. ఆ లిపి నాకింక పూర్తిగ రాదు. వచ్చిన అక్కలు చూసి తప్పుంటే చెప్పండి, దసరా సెలవులకు ఇంటికి తీసుకపోవాలె.

– తొమ్మిదో తరగతి విద్యార్థిని