రేడియేటర్ మూత చెప్పే పాఠం

1980లలో మా జహీరాబాద్‌లో ఆల్విన్ నిస్సాన్ క్యాబ్‌స్టార్ వ్యాన్లు తయారయ్యేవి. అల్లం బస్తాలు మోసే మా పాత బండి అలాంటిదే. మా నాయిన దాని రేడియేటర్లో బోరు నీళ్లే పోసేవాడు. ఆ నీటిలోని కాల్షియం బైకార్బొనేట్ వేడికి కార్బొనేట్‌గా మారి, గొట్టాల్లో గారలా పేరుకుంటుంది. గార అధమ ఉష్ణవాహకం. అందుకే ఇంజను కాగిపోతుంది.

అప్పుడు తొందరపడి మూత తీయరాదు. నీరు మామూలుగా 100 డిగ్రీల సెంటిగ్రేడు వద్ద మరుగుతుంది. బిగించిన మూత కింద పీడనం ఎక్కువ గనుక, అంతకుమించి కాగినా మరగదు. మూత తీశామా, పీడనం పడిపోయి, నీరు ఒక్కసారిగా ఆవిరై ముఖాన చిమ్ముతుంది! ఇంజను ఆపి, పూర్తిగా చల్లారాకే గుడ్డ వేసి తిప్పాలి. బోరు నీటికి బదులు స్వేదనజలం, కూలెంట్ సమపాళ్లలో పోయాలి. ఫ్యాను బెల్టు, రబ్బరు గొట్టాలు తరచూ చూసుకోవాలి.

మిత్రులారా, మీ ఇంటి బండి నడిపేవారికీ ఈ మాట చెప్పండి.