ఆటలోని లోకం బొమ్మల కథగా మారితే

ప్రశ్న: ఇంటర్ చదివే మా అబ్బాయి 'వరల్డ్ ఆఫ్ వార్‌క్రాఫ్ట్' కామిక్స్ కొనమంటున్నాడు. ఆట ఆడని నాకు అవి అర్థమవుతాయా? తనూ ఒకటి గీస్తానంటున్నాడు, ఎలా మొదలుపెట్టమనాలి?
– ఒక తల్లి, రాజోలు

జవాబు: అర్థమవుతాయమ్మా. 2007లో వైల్డ్‌స్టార్మ్ సంస్థ మొదలుపెట్టిన ఆ కామిక్‌ను వాల్టర్ సైమన్సన్ రాశారు. గతం మరిచిపోయిన ఒక మనిషి ఒడ్డుకు కొట్టుకొస్తాడు. తానెవరో అతనికే తెలియదు కాబట్టి ఆ లోకాన్ని అతనితోపాటే మనమూ తెలుసుకుంటాం. గొప్ప ఎత్తుగడ అది! ఆటలో దారి ఎంచుకునేది ఆడేవాడు. కామిక్‌లో రచయితే ఎంచుకోవాలి. అందుకే ఆటలోని ఘట్టాలను వరసగా దించేస్తే కథ చప్పబడిపోతుంది. 2014లో డార్క్ హార్స్ తెచ్చిన 'ది విచర్' కామిక్ కూడా ఆటలోని హీరోతో కొత్త కథే చెప్పింది. అది మాత్రం పెద్దవాళ్లకు. ముందు మీరు చదవండి.

ఇక గీయడం. మన పాత చందమామ పత్రికల్లో దాసరి సుబ్రహ్మణ్యం రాసిన జానపద సీరియళ్లను, వాటికి 'చిత్రా' వేసిన బొమ్మలను బాబుకు చూపించండి. ఒక్క బొమ్మలో కోట, అడవి, భయం ఎలా ఇమిడాయో గమనించమనండి. తర్వాత కనుమనాడు మీ కోనసీమలోని జగ్గన్నతోట ప్రభల తీర్థానికి తీసుకెళ్లండి. ఏకాదశ రుద్రుల ప్రభలు తరలివస్తాయి. భుజాల మీద ప్రభను మోస్తూ కౌశిక కాలువ నీళ్లలోకి దిగే మనుషులను చూస్తే, అంతకంటే అద్భుతమైన లోకం ఏ ఆటలో ఉంటుంది? స్కెచ్ పుస్తకం వెంట ఉండాలి. మొదటి కథ నాలుగు పేజీలు దాటనివ్వకండి.